బోడ్మరు పండితుఁడు — నీబెలుంగు కావ్యము

క్రీ. శ. 1755వ సంవత్సరము జూను 29వ తేదీని ఓబెరైట్ అను వైద్యుఁడు హోహెనెమ్స్ ప్రభువుల కోటలోని పుస్తకశాలయందు ఒక చర్మపత్రగ్రంథమును గనుఁగొనెను. హోహెనెమ్స్ నేఁటి ఆస్ట్రియా దేశపుఁ బడమటి కొసను, రైను నది లోయలోఁ గలదు. ఓబెరైట్ దానికి సమీపమందలి లిండౌ పట్టణమువాఁడు. ప్రాచీన జర్మను కావ్యముల వ్రాఁతప్రతులకై అతఁడు వెదకుట జ్యూరిక్ నగరపుఁ బండితుఁడగు యోహాన్ యాకోబ్ బోడ్మరు ప్రోత్సాహముచేతనే. దొరకిన గ్రంథము క్రీ. శ. 1200 ప్రాంతమునఁ బుట్టిన నీబెలుంగు కావ్యము. జర్మను వీరకావ్యములలో నేఁడు దీనికే యగ్రస్థానము. నాఁడో, రెండు శతాబ్దములుగా దాని పేరెత్తినవారే యరుదు.

రెండేండ్లు గడచినవి. 1757లో బోడ్మరు దానిని జ్యూరిక్ నగరమున అచ్చొత్తించెను. అచ్చొత్తించినది కావ్యమంతయుఁ గాదు. చివరి మూఁడవపాలు మాత్రమే. తొలి భాగమునుండి కొన్ని తునుకలను వెనుకఁ జేర్చి, ఒక పదకోశమును గూర్చి, గ్రంథమునకు "క్రీమ్‌హిల్డు పగ" యని క్రొత్తపేరు పెట్టెను. ప్రతి చేతికి వచ్చియుండఁగా మూఁడింట రెండుపాళ్లు విడుచుట యేల? తాటాకు ప్రతులతోఁ బరిశ్రమించినవారు ఈ ప్రశ్నను సులభముగా విడువఁజాలరు. బోడ్మరు ప్రతిని దాఁచినవాఁడు కాఁడు, సోమరియుఁ గాఁడు, కావ్యరసము నెఱుఁగనివాఁడును గాఁడు. ఆయన యేల యిట్లు చేసెనో తెలియవలెనన్నచో ఆయన జీవితమును గొంత పరికింపవలసియున్నది.

ముందుగాఁ గావ్యకథను సంగ్రహముగాఁ జెప్పెదను. రైను నదీతీరమున వర్మ్స్ నగరమునందు బర్గండీయుల రాజు గుంథరు. అతని చెల్లెలు క్రీమ్‌హిల్డు. ఘోరసర్పమును జంపి దాని నెత్తుటఁ దోఁగి, వీపున నొక్కచోటఁ దప్ప ఆయుధము దిగని మేను గల జీగ్‌ఫ్రీడు ఆమెను బెండ్లాడెను. రాణు లిరువురకును దేవాలయద్వారమున మాటపట్టింపు పుట్టినది. దానిపై రాజభృత్యుఁడగు హాగెను, ఊటకడ నీరు త్రాగుచున్న జీగ్‌ఫ్రీడును వెనుకనుండి యీఁటెతోఁ బొడిచి చంపెను; పిమ్మట ఆమె నిధిని గూడఁ గొనిపోయి రైను నదిలో ముంచెను. విధవ యైన క్రీమ్‌హిల్డు హూణరాజు ఎట్జెలును వరించి, పగ మనసునఁ బెట్టుకొని, ఏండ్లు గడచిన పిదప అన్నదమ్ములను విందునకుఁ బిలిపించెను. వచ్చినవా రొక్కరును దిరిగి పోలేదు, ఆమెయు మిగులలేదు. సుమారు 2,400 పద్యముల కావ్యమిది. ఇందు బోడ్మరు ప్రకటించినది ఆ విందును, ఆ వధయును. అనఁగా ద్రౌపదీపరాభవమును విడిచి యుద్ధపర్వములను మాత్రమే యచ్చొత్తిన భారతమువంటిదన్నమాట.

బోడ్మరు 1698వ సంవత్సరము జూలై 19వ తేదీని జ్యూరిక్ రాజ్యమునందలి గ్రైఫెన్‌సే అను నూర జనించెను. తండ్రి క్రైస్తవపురోహితుఁడు; కుమారుని దన వృత్తియందే ప్రవేశపెట్టఁ దలఁచెను. కుమారున కది రుచింపలేదు. పట్టువ్యాపారము నేర్చుకొమ్మని లియోన్, లుగానో పట్టణములకుఁ బంపిరి, అదియు రుచింపలేదు. ఆ ప్రయాణములలో ఆయనకు దక్కిన లాభమొక్కటియే: ఆడిసన్, స్టీల్ అను నాంగ్లేయులు లండనులోఁ బ్రకటించిన "స్పెక్టేటరు" పత్రిక ఫ్రెంచి భాషాంతరమునఁ జేతికి వచ్చెను. జ్యూరికునకు మరలివచ్చి ప్రభుత్వ కార్యస్థానమునఁ గొలువుచేయుచు, మిత్రుఁడగు బ్రైటింగరుతోఁ గూడి 1721లో తానును నొక వారపత్రికను స్థాపించెను. దాని పేరు "చిత్రకారుల ప్రసంగములు". వ్యాసకర్తలు ప్రసిద్ధ చిత్రకారుల పేళ్లు పెట్టుకొని వ్రాసెడివారు. చిత్రకారుఁడు రంగులతోఁ జేయుపని కవి మాటలతోఁ జేయవలెననుట వారి మతము.

ఆ పత్రిక 1723 వఱకే నడచినది. జ్యూరిక్ నాఁడు పేరునకుఁ బ్రజారాజ్యము. అధికారము మాత్రము వృత్తిసంఘములఁ బట్టుకొనియున్న కొలఁది కుటుంబములది. ఏ పుస్తకమైనను అచ్చునకుఁ బోవుటకు ముందు పరిశోధకుల కంటఁ బడవలసినదే. ఆ పరిశోధకులలో మతాచార్యులే ప్రముఖులు. చీట్లాడుటను, సోమరితనమును, ఆడువారి చదువును గూర్చి వ్రాసినను గీఁటులు పడుచుండెను.

ఆ పరిశోధకులతోనే బోడ్మరునకు మిల్టను కావ్యము విషయమున మఱల వివాదము తటస్థించెను. ఆంగ్లగ్రంథములు స్విట్జర్లాండున దొరకుట యరుదైన ఆ దినములలో, ట్రోగెన్ గ్రామవాసియగు జెల్‌వెగరు అను వైద్యమిత్రుఁడు ఆయనకు "పారడైస్ లాస్ట్" ప్రతి నొకదానిని సంపాదించి యిచ్చెను. బోడ్మరు దానిని గద్యమున జర్మనులోనికి మార్చెను. దేవదూతలును, పిశాచములును, స్వర్గమున యుద్ధమును, ఇదంతయుఁ బవిత్రవిషయమునందు మితిమీఱిన కల్పనయని మతాచార్యులు శంకించి యాఁపిరి. ఏండ్లతరబడి పెట్టెలోఁ బడియుండి భాషాంతరము 1732లో వెలువడెను. బోడ్మరు అంతటితో విడువలేదు. 1742, 1754, 1759, 1769, 1780 సంవత్సరములలో దానిని దిద్ది మఱల మఱల నచ్చొత్తించెను. ఒక్క గ్రంథముపై అర్ధశతాబ్దము పనిచేసిన భాషాంతరకర్తలు మనకుఁ దఱచుగాఁ గనఁబడరు. షేక్స్‌పియరు పేరును మాత్రము "సాస్పరు" అని వ్రాసినాఁడు. విన్నట్లు వ్రాసెనో, విన్నవాఁ డెవ్వఁడో!

ఈ మిల్టనే ఆయనను దేశవ్యాప్తమైన వాదమునకుఁ దెచ్చెను. లైప్సిగ్ విశ్వవిద్యాలయమున గొట్షెడు అను నాచార్యుఁడు జర్మను సాహిత్యమునకెల్ల శాసనకర్తయై యుండెను. 1730లో ఆయన కావ్యలక్షణగ్రంథమును రచించి, ఫ్రెంచి నాటకకర్తల ననుసరించి నియమములు విధించెను. బుద్ధికి విరుద్ధమైనది కావ్యమున నుండరాదు, స్థలకాలములకు హద్దులుండవలెను, భూతప్రేతములు బాలురకుఁ దగును గాని పండితులకుఁ దగవు. ఆ కొలఁబద్దచే మిల్టను నిలువఁడు. వోల్టేరు సైతము మిల్టనును దూషించి యుండెను. దీనికి బదులుగా 1740లో బోడ్మరు "కావ్యమునందలి యద్భుతము"ను గూర్చి గ్రంథము వ్రాసెను. ఆ యేఁడే బ్రైటింగరు తన కావ్యలక్షణగ్రంథమును వెలువరించెను.

వారి సిద్ధాంతము మన యాలంకారికులు వినిన నవ్వెడిది కాదు. కవి యున్న లోకమునే వర్ణింపఁ బనిలేదు. ఉండఁదగిన లోకమును సృజించును. తత్త్వవేత్త లైబ్నిట్జు చెప్పిన సాధ్యలోకములనుండి యీ భావము గ్రహింపఁబడినది. అద్భుతమనఁగా అసత్యము గాదు, ముసుఁగు దాల్చిన సంభావ్యము. చదువరి హృదయమును గదలింపఁగల శక్తి యందే కావ్యత్వమున్నది గాని నియమముల లెక్కయందుఁ గాదు. ఇరుపక్షములవారును పదేండ్లకుఁ బైగాఁ బత్రికలలోఁ బోరిరి. నిందలును, హేళనలును సమృద్ధిగా నుండెను. అవి యిచ్చట ననావశ్యకములు. గొట్షెడు ప్రాభవమును గడపటఁ గూల్చినది 1759లో లెస్సింగు వ్రాసిన లేఖ; కాని యంతకు మునుపే స్విస్సు పండితులు పునాదిని గదలించియుండిరి. న్యాయము పలుకవలెనన్నచో గొట్షెడును సామాన్యుఁడు గాఁడు. పాత జర్మను గ్రంథములను సేకరించుటలో ఆయనయు మిక్కిలి శ్రమపడెను. వైరులిరువురకును పాతప్రతులపై నొక్కటే ప్రీతి యుండెను.

ఈ వాదమున భాషావిషయమును గలిసియున్నది. లైప్సిగ్ ప్రాంతమువారి భాషయే ప్రమాణమని గొట్షెడు మతము. స్విస్సువారి భాష మోటయని పరిహాసము. మొదట బోడ్మరును దీనికి లోఁబడెను. తన వారపత్రికను 1746లో మఱల నచ్చొత్తించునపుడు భాషను సవరించెను. కాని ఆ సవరించిన గ్రంథముననే తన నాటిభాషను సమర్థించుచు వాదించెను. ఆయన వాదమునకు ఆధారము వ్రాఁతప్రతులందు దొరకెను. పదమూఁడవ శతాబ్దపు జర్మనులో ఇల్లు "హూస్", కాలము "ట్సీట్". నేఁటి శిష్టభాషలో అవి "హౌస్", "ట్సైట్" అయినవి. జ్యూరిక్ వీధులలో నేఁటికిని "హూస్", "ట్సీట్" అనియే పలుకుదురు. నవ్వఁబడు మోటమాట ప్రాచీనకవుల పలుకునకు దగ్గఱదని చూపఁగలిగినచో నింక నవ్వెడివాఁ డెవ్వఁడు? ఈ యుక్తిలో స్వదేశాభిమాన మెంతయున్నను శబ్దస్వరూపమును బట్టి చూడఁగా సత్యమున్నది.

అందుచేతనే ఆయన ప్రాచీనకవుల వెదకుటయందుఁ బడెను. పదునాలుగవ శతాబ్దారంభమున జ్యూరిక్ నగరముననే కూర్పఁబడిన ప్రేమగీతముల సంపుటమొకటి పారిస్ నగరమందలి రాజపుస్తకశాలయం దుండెను. మానెస్సె కుటుంబమువారు పాటలను సేకరించిరని హాడ్‌లౌబు అను నాఁటి కవి చెప్పియుండుటచే దానికి మానెస్సె గ్రంథమను పేరు వచ్చినది. 140 మంది కవుల పాటలును, వారి చిత్తరువులును అందుఁ గలవు. స్ట్రాస్‌బుర్గు పండితుఁడగు షోప్‌ఫ్లిను మధ్యవర్తియై దానిని జ్యూరికునకు ఎరవు దెప్పించెను. రాజపుస్తకశాలవారు అట్టి రత్నమును దూరదేశమునకుఁ బంపిరన్న నేఁటివారు నమ్మఁజాలరు. బోడ్మరు, బ్రైటింగరులు స్వయముగా నెత్తి వ్రాసికొని, 1748లో మచ్చునకొక సంపుటమును, 1758, 1759 సంవత్సరములలో రెండు పెద్ద సంపుటములను బ్రకటించిరి. మూలగ్రంథము 1888 మొదలు హైడెల్‌బెర్గు నగరమునఁ గలదు.

యువకవుల విషయమున బోడ్మరు అదృష్టము వేఱు విధముగా నడచెను. ఆయనకు సంతతి నిలువలేదు. యువకవులను బుత్రులవలెఁ జూచెడివాఁడు. పుత్రులవలె వారు విధేయులుగా నుండవలెననియుఁ గోరెడివాఁడు. ఆయన మిల్టను భాషాంతరమును బాఠశాలలోఁ జదివి యుద్వేగము నొందిన బాలుఁడు క్లోప్‌స్టాకు. ఆ యుద్వేగముననే "మెస్సియా" కావ్యమారంభించి 1748లో మూఁడు సర్గములు ప్రకటించెను. బోడ్మరు ఆనందమునకు మేరలేదు. జర్మను మిల్టను పుట్టెనని చాటి, 1750 జూలైలో ఇంటికి రప్పించెను. వచ్చినవాఁడు ఇరువదియాఱేండ్ల యువకుఁడు. ముని వచ్చునని వృద్ధుఁడు వేచియుండఁగా, వచ్చినవాఁడు సరస్సుపైఁ బడవషికారులును, ద్రాక్షారసమును, కన్యల సాంగత్యమును మెచ్చెడివాఁడు! జ్యూరిక్ సరస్సుపై ఆ షికారు ఫలితముగా వెలువడిన గీతము జర్మను భాషలో నేఁటికిని బ్రసిద్ధము. కాని యింటిలోఁ బొత్తు కుదురలేదు. క్లోప్‌స్టాకు వేఱొకరి యింటికి మాఱి, 1751 ఫిబ్రవరిలో డెన్మార్కునకుఁ బోయెను. 1752లో వచ్చిన వీలాండు మాత్రము కొంతకాల మనుకూలముగా నుండెను. బోడ్మరు రచించిన "నోవా" కావ్యమును బొగడుచు నొక గ్రంథమే వ్రాసెను. పిదప అతఁడును ఆ మార్గమును విడిచి, ఆ రీతి కవిత్వమునే పరిహసించి, షేక్స్‌పియరు భాషాంతరకర్తగాఁ బేరు వడసెను. "నోవా" నిప్పు డెవ్వరును జదువరు. బోడ్మరు కవిత్వమున జీవములేదు. ఈ మాట దాఁచి ప్రయోజనము లేదు.

ఉపాధ్యాయుఁడుగా ఆయన మహిమ వేఱు. 1731 మొదలు 1775 వఱకు జ్యూరిక్ కళాశాలయందు స్వదేశచరిత్రమును బోధించెను. 1737 మొదలు నగర మహాసభలో సభ్యుఁడు. పూర్వులు స్వతంత్రులై యెట్లు బ్రతికిరో చెప్పి, నేఁటి పాలకు లట్లున్నారా యని శిష్యులు తామే యడుగునట్లు చేయుట ఆయన పద్ధతి. ఫలము త్వరలోనే కనఁబడెను. 1762లో లవాటరు, ఫ్యూస్లీ అను శిష్యులిరువురు గ్రెబెలు అను నధికారి గ్రామప్రజలఁ దోఁచుకొనుటను బహిరంగపఱచిరి. అధికారి శిక్షింపఁబడెను; అయినను ఫిర్యాదుచేసిన యువకులును నగరము విడిచి కొంతకాలము తిరుగవలసివచ్చెను. ఫ్యూస్లీ లండను చేరి చిత్రకారుఁడై, గురువుకడ నేర్చిన మిల్టను కావ్యమును జిత్రపరంపరగా వ్రాసి 1799లో అచ్చటనే ప్రదర్శించెను. ఆంగ్లదేశమునుండి వచ్చిన కావ్యము ఈ రీతిగా ఆంగ్లదేశమునకే మరలినది. గురువుతోఁ దాను సంభాషించుచున్నట్లు అతఁడు వ్రాసిన చిత్రము జ్యూరిక్ చిత్రశాలయందు నేఁడును గలదు. పెస్టలోజీయు ఈ శిష్యబృందములోనివాఁడే.

1767లో జెనీవా నగరపుఁ గలహమును అణఁచుటకై జ్యూరిక్ సేనలను బంపునన్న వార్త పుట్టఁగా, క్రిస్టోఫ్ హైన్రిక్ మ్యూలరు అను మఱియొక శిష్యుఁడు రైతుల సంభాషణ రూపమున నొక చిన్న వ్రాఁత వ్రాసెను. ప్రభుత్వమువారు దానిని తలారిచేఁ గాల్పించి, మ్యూలరును దేశమునుండి వెడలఁగొట్టిరి. పెస్టలోజీని గొన్నాళ్లు నిర్బంధించిరి. శిష్యుల పత్రికయు నాఁగెను. మ్యూలరు బెర్లినునకుఁ బోయి యొక పాఠశాలలో నుపాధ్యాయుఁడయ్యెను. ఈతని పేరు చదువరులు జ్ఞాపకముంచుకొనవలెను.

ఇఁక మొదటి ప్రశ్న. హోహెనెమ్స్ ప్రతి చేతికి రాఁగానే బోడ్మరు హోమరునే తలఁచెను. ఇట్టి ప్రాచీనవీరకావ్యము లభించుట ఆయన కలలపంట. ఇది మన ఇలియడ్ అని చూపవలెనన్న తహతహ. ఇలియడ్ హెలెను అపహరణముతో నారంభింపలేదు. ట్రాయి యుద్ధపుఁ బదియవయేఁట అకిలీసు కోపముతో నారంభించినది. కావున నీబెలుంగు కావ్యమును బగతీర్చుకొను ఘట్టముననే యారంభింపవలెను. ముందుకథ వలయునన్న పీఠికలో సంగ్రహముగాఁ జెప్పవచ్చును. ఇది బోడ్మరు తర్కము. పదేండ్లకు, 1767లో, ఆ భాగమునే హోమరు వృత్తమున మార్చి "చెల్లెలి పగ" యని మఱల ప్రకటించెను. పాతకవి తానుగా హోమరు కాఁగోరలేదు. బోడ్మరే యాయనను హోమరుగాఁ జేసెను.

ఇందలి వైపరీత్యమును జూడుఁడు. కావ్యమునకు బయటినుండి కొలఁబద్ద తెచ్చి పెట్టరాదని గొట్షెడుతో నిరువదియేండ్లు వాదించినవాఁడే, వ్రాఁతప్రతి చేతికి రాఁగానే కొలఁబద్ద తీసెను. ఫ్రెంచివారిది కాక గ్రీకువారిది, భేద మంతియే. ఆయన కత్తిరించిన భాగమునఁ గలవి సర్పవధయు, కనఁబడకుండఁజేయు నంగియు, ఊటకడ హత్యయును. అద్భుతమును సమర్థించి గ్రంథము వ్రాసిన పండితుఁడు కావ్యమునందలి యద్భుతభాగమునే విడిచెను. ఇది ఆయన దోషముగా నెంచుట న్యాయమే. కాని యాయన ప్రకటింపకున్నచో ఆ ప్రతి యింకెన్నాళ్లు కోటలో నుండెడిదో యనునదియు న్యాయముగాఁ దలఁపవలెను. పదకోశమును జేర్చి, మూలమును మూలభాషలోనే యచ్చొత్తి, చదువుటకు సాధన మిచ్చినవాఁడాయనయే. కత్తిరించితినని దాఁచలేదు, ఎచ్చట, ఏల యన్నది చెప్పియే కత్తిరించెను.

ఆ కత్తెర ఫలము ఇరువదియైదేండ్లకుఁ గనఁబడెను. కావ్యమును సంపూర్ణముగా వెలువరించు సంకల్పము వెలివడిన శిష్యుఁడగు మ్యూలరునకుఁ గలిగెను. ఎనుబదియేండ్ల గురువు అతనికిఁ దోడ్పడెను. 1779లో బోడ్మరు హోహెనెమ్స్ వారిని మునుపటి ప్రతికై మఱల నడుగఁగా, వారు పొరపాటున నదే పుస్తకశాలలోని మఱియొక నీబెలుంగు ప్రతిని బంపిరి. అదియు మిక్కిలి ప్రాచీనమైనదే. కాని పాఠము వేఱు. మొదటి ప్రతి గుణశోధనచే మెఱుఁగుపడిన పాఠము, రెండవది సంక్షిప్తమైనది. 1782లో బెర్లినునఁ బ్రకటింపఁబడిన తొలి సంపూర్ణ ముద్రణమున తొలిభాగము రెండవ ప్రతినుండియు, తుదిభాగము 1757నాఁటి బోడ్మరు ముద్రణమునుండియుఁ గైకొనఁబడినవి. రెండు వేఱు శాఖల పాఠములు నడుమ నతుకుతో నొక్క గ్రంథమైనవి. 1757లో మొదటి ప్రతిని మొదలంట నెత్తి వ్రాసి యచ్చొత్తియున్నచో ఈ యతుకు వచ్చెడిది గాదు. శాఖాభేదములను విడదీయు పని 1826లో లాక్‌మన్ పండితుని ముద్రణమువఱకు నాఁగవలసివచ్చెను. ఏ శాఖ ప్రాచీనమన్న వివాద మటుపైనను జిరకాలము సాగెను.

మ్యూలరు తన ప్రాచీనకావ్యసంగ్రహమును ప్రష్యా రాజగు ఫ్రెడరికునకుఁ బంపెను. ఫ్రెంచిలోనే వ్రాయుచు, ఫ్రెంచివారినే మెచ్చుచుండెడి ఆ రాజు 1784 ఫిబ్రవరి 22వ తేదీని బదులు వ్రాసెను: ఆ కావ్యములు ఒక్క తుపాకిమందు చుట్టకైనను సాటిరావనియు, తన పుస్తకశాలలో వానికిఁ జోటులేదనియు దాని తాత్పర్యము. బోడ్మరు ఆ జాబును జూచుట తటస్థింపలేదు. ఆయన 1783 జనవరి 2వ తేదీని, ఎనుబదినాలుగేండ్ల ప్రాయమున మరణించెను.

హోహెనెమ్స్ ప్రతులు రెండును ఇప్పు డచ్చట లేవు. పొరపాటున వచ్చిన ప్రతి మ్యూనిక్ నగరపు రాష్ట్రగ్రంథాలయమునఁ గలదు. ఓబెరైట్ కనుఁగొన్న ప్రతి పలువురి చేతులు మాఱి 2001లో కార్ల్స్‌రూహె నగరపు గ్రంథాలయమును జేరెను.